బాల్యంలో తగిలిన దెబ్బలను అడిగి తెలుసుకోవడం ఎలా: ఒడిశా సరిహద్దు జిల్లాల్లో పనిచేసేవారికి మార్గదర్శి

పర్లాకిమిడి, గుణుపూర్, రాయగడ, బరంపురం వైపు తెలుగు కుటుంబాల మధ్య పనిచేసే నర్సులు, ఆశా కార్యకర్తలు, అంగన్‌వాడీ టీచర్లు, బడి ఉపాధ్యాయులు, స్వచ్ఛంద సంస్థల వాళ్ల కోసం ఇది రాస్తున్నాను. చిన్నతనంలో ఎదురైన చేదు అనుభవాల గురించి ఫారం పట్టుకుని అడిగే పద్ధతి ఒకటుందని మీలో చాలామంది ఏదో ఒక శిక్షణలో వినే ఉంటారు. ఆ ఫారం సంపాదించడం తేలికే. పది ప్రశ్నలు, పది గడులు, చివర ఒక మొత్తం. కష్టమంతా ఫారానికి ముందూ వెనకా ఉంది. అందుకే ఇక్కడ ప్రశ్నల దాకా రావడానికి కొంత ఆలస్యమవుతుంది. ఓపిక పట్టండి.

ఈ ప్రశ్నలు ఎక్కడివి

1985 ప్రాంతంలో అమెరికాలోని శాన్ డియాగోలో విన్సెంట్ ఫెలిట్టి అనే వైద్యుడు ఊబకాయం తగ్గించే క్లినిక్ నడిపేవారు. చక్కగా బరువు తగ్గుతున్నవాళ్లే మధ్యలో మానేసి వెళ్లిపోవడం ఆయనకు అంతుపట్టలేదు. కూర్చోబెట్టి మాట్లాడితే, వాళ్లలో చాలామంది చిన్నప్పుడు లైంగిక హింసకు గురైనట్టు బయటపడింది. ఆ తర్వాత అమెరికా వ్యాధి నియంత్రణ కేంద్రానికి చెందిన రాబర్ట్ అండాతో కలిసి 1995 నుంచి 1997 దాకా 17 వేల మందికి పైగా పెద్దవాళ్లను వాళ్ల బాల్యం గురించి అడిగారు. 1998లో తొలి ఫలితాలు అచ్చయ్యాయి. మూడింట రెండు వంతుల మందికి కనీసం ఒక్క చేదు అనుభవమైనా ఉంది. ఎనిమిది మందిలో ఒకరికి నాలుగో, అంతకు మించో ఉన్నాయి. నాలుగు గానీ అంతకు మించి గానీ ఉన్నవాళ్లలో తాగుడు, మత్తుమందులు, కుంగుబాటు, ఆత్మహత్యాయత్నం ముప్పు ఒక్కటీ లేనివాళ్ల కంటే 4 నుంచి 12 రెట్లు ఎక్కువగా కనిపించింది. గుండెజబ్బు, క్యాన్సర్, ఊపిరితిత్తుల జబ్బు కూడా ఆ లెక్క పెరిగేకొద్దీ పెరిగాయి.

వాళ్లు అడిగినవి పది రకాలుగా స్థిరపడ్డాయి. దేహం మీద దెబ్బలు, మాటలతో హింస, లైంగిక హింస. ఆలనాపాలనా లేకపోవడం, ఆప్యాయత లేకపోవడం. తల్లి దెబ్బలు తినడం చూడటం, ఇంట్లో తాగుడు లేదా మత్తు, ఇంట్లో మానసిక వ్యాధి, తల్లిదండ్రులు విడిపోవడం, ఇంట్లోవాళ్లు జైలుకు వెళ్లడం. ఇంతే.

అయితే అక్కడ జవాబులిచ్చినవాళ్లు చాలావరకు ఆరోగ్య బీమా ఉన్న మధ్యతరగతి అమెరికన్లు. మన దేశపు సంగతికి 2007లో కేంద్ర మహిళా, శిశు అభివృద్ధి శాఖ వెలువరించిన అధ్యయనం చూడాలి. 13 రాష్ట్రాల్లో 12,447 మంది పిల్లలను అడిగితే ముగ్గురిలో ఇద్దరు దెబ్బలు తిన్నామన్నారు. సగానికి పైగా, అంటే 53 శాతం మంది, ఏదో ఒక రూపంలో లైంగిక హింస ఎదుర్కొన్నామన్నారు. చేసినవాళ్లలో సగం మంది బిడ్డకు తెలిసినవాళ్లో, నమ్మినవాళ్లో.

చిన్నప్పటి భయం యాభై ఏళ్ల వయసులో గుండెజబ్బుగా ఎలా తేలుతుందని శిక్షణల్లో ఎవరో ఒకరు తప్పకుండా అడుగుతారు. భయం కలిగినప్పుడు మెదడులోని హైపోథాలమస్, పిట్యూటరీ గ్రంథి, మూత్రపిండాల మీదుండే అడ్రినల్ గ్రంథులు ఒకదానికొకటి కబురందించుకుని అడ్రినలిన్, కార్టిసాల్ విడుదల చేస్తాయి. గుండె వేగంగా కొట్టుకుంటుంది, రక్తంలో చక్కెర పెరుగుతుంది, పారిపోవడానికో ఎదిరించడానికో ఒళ్లు సిద్ధమవుతుంది. కుక్క వెంటపడినప్పుడు ఇది ప్రాణం కాపాడుతుంది. అదే భయం రోజూ రాత్రి తలుపు తట్టి ఇంట్లోకే వస్తుంటే, పిల్లవాడిని దగ్గరికి తీసుకుని ఊరడించే పెద్దదిక్కు లేకపోతే, బావిలో నీళ్లున్నా లేకున్నా ఆపకుండా తిరిగే మోటారులా ఆ ఏర్పాటంతా పాడవుతుంది. నిద్ర, జ్ఞాపకశక్తి, రోగనిరోధక శక్తి దెబ్బతింటాయి. ఊరడించే పెద్దదిక్కు అన్నమాట గుర్తుంచుకోండి. చికిత్స చాలావరకు అక్కడే ఉంది.

1. ముందు సాయం జాబితా, తర్వాతే ఫారం

నా ఉద్దేశంలో ఇదే అన్నిటికంటే ముఖ్యమైన మెట్టు, చాలాచోట్ల దాటేసేదీ ఇదే. ఒక తల్లి నోరు విప్పి తన భర్త ఏం చేస్తున్నాడో చెప్పాక ‘సరేనమ్మా, రాసుకున్నాం’ అని పంపేయడం కంటే అసలు అడగకుండా ఉండటం మేలు.

ఒక అట్టముక్క మీద ఈ వివరాలు రాసుకోండి. పిల్లల సహాయానికి 1098, ప్రాణాపాయంలో 112, స్త్రీలకు 181, మానసిక ఆరోగ్యానికి 2022 అక్టోబరులో మొదలైన టెలి మానస్ 14416. జిల్లా బాలల సంరక్షణ యూనిట్, రక్షణ అవసరమైన పిల్లల సంగతి తేల్చే బాలల సంక్షేమ సమితి, హింసకు గురైన స్త్రీలకు సాయం చేసే సఖి వన్ స్టాప్ సెంటర్ ఎక్కడున్నాయో, ఏ రోజు ఎవరుంటారో. జిల్లా ఆసుపత్రిలో మానసిక వైద్యుడు ఓపీ చూసే రోజు, కిశోర బాలబాలికల ఆరోగ్య క్లినిక్ తెరిచే రోజు. పిల్లలను పరీక్షించడానికి బడులకూ అంగన్‌వాడీలకూ తిరిగే రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం బృందం ఫోను. ఇంకా పెద్ద అవసరమైతే బరంపురంలోని ఎంకేసీజీ వైద్య కళాశాల.

రాసుకున్నాక ఒక్కో నంబరుకూ మీరే ఫోను చేయండి. ఎత్తుతున్నారా, ఏ భాషలో మాట్లాడుతున్నారు, తెలుగు వచ్చినవాళ్లను కలుపుతారా అన్నది అడిగి ఆ నంబరు పక్కనే రాసుకోండి. టెలి మానస్‌లో తెలుగు, ఒడియా రెండూ ఉన్నాయి. జిల్లా కార్యాలయాల్లో మాత్రం ఆ రోజు కుర్చీలో ఉన్న మనిషిని బట్టి ఉంటుంది.

సరిహద్దు చిక్కు ఒకటుంది. పిల్లవాడు పర్లాకిమిడి బడిలో చదువుతాడు, అమ్మమ్మ ఇల్లు పాతపట్నంలో. తండ్రి సూరత్‌లో, రేషను కార్డు ఆంధ్రలో. హాని ఒక రాష్ట్రంలో జరుగుతుంది, బయటపడేది మరో రాష్ట్రంలో. ‘ఇది మా పరిధి కాదు’ అన్న మాట మీరు తప్పకుండా వింటారు. 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన నేర విచారణ చట్టం, భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 173వ సెక్షన్ ప్రకారం నేరం ఎక్కడ జరిగినా ఏ పోలీసు స్టేషన్‌లోనైనా ఫిర్యాదు తీసుకోవాలి. తర్వాత దాన్ని సంబంధిత స్టేషన్‌కు పంపుకోవడం వాళ్ల పని. బాలల సంక్షేమ సమితి కూడా బిడ్డను సొంత జిల్లా సమితికి అప్పగించవచ్చు. 2015 నాటి బాలల న్యాయ చట్టంలో ఆ వీలుంది. కాబట్టి మీ అట్టముక్క మీద గజపతి జిల్లా నంబర్లతో పాటు శ్రీకాకుళం, పార్వతీపురం మన్యం జిల్లాల నంబర్లు కూడా ఉండాలి.

దూరం కూడా లెక్కలోకి తీసుకోండి. గుణుపూర్ దగ్గర పల్లె నుంచి బరంపురం వెళ్లాలంటే ఒక రోజు కూలి పోతుంది, ఇద్దరికి బస్సు చార్జీలవుతాయి. మొదటిసారి పంపేటప్పుడు ఆ కుటుంబం సంతకో బంధువుల ఇంటికో ఎలాగూ వెళ్లే ఊళ్లోని ఆసుపత్రినే ఎంచుకుంటే వెళ్లే అవకాశం ఎక్కువ.

2. ఎవరిని అడగాలి, ఏ ఫారంతో

ఊరంతా తిరిగి శిబిరం పెట్టి అడిగే పని కాదిది. తరగతి గదిలో వరసగా నిలబెట్టి అడగడం మరీ దారుణం. ఒక ఆరోగ్య కేంద్రంలో, వారానికి ఒక పూట, కొద్దిమందితో మొదలుపెట్టండి.

పిల్లలకైతే కాలిఫోర్నియాలో 2020 జనవరి నుంచి ప్రభుత్వ ఆరోగ్య పథకంలో వాడుతున్న పెర్ల్స్ అనే ఫారం ఉంది. 11 ఏళ్ల లోపు పిల్లల గురించి పెంచేవాళ్లు జవాబిస్తారు. 12 నుంచి 19 ఏళ్ల వాళ్లయితే పెంచేవాళ్లకు ఒకటి, పిల్లలకు ఒకటి. ఇందులో ఆ పది అంశాలే కాకుండా తిండికి వెతుకులాట, నిలువ నీడ లేకపోవడం, వివక్ష, వీధిలో హింస, పెంచేవాళ్లు చనిపోవడం లేదా తీవ్రంగా జబ్బుపడటం కూడా అడుగుతారు. మన కుటుంబాల బతుక్కి ఈ రెండో భాగమే దగ్గరగా ఉంటుంది. ఇంకో సౌకర్యం ఏమిటంటే, ఏ ప్రశ్నకు అవునన్నారో చెప్పకుండా మొత్తం ఎన్నో మాత్రమే రాసిచ్చే పద్ధతి కూడా ఇందులో ఉంది. మొహమాటపడే చోట మొదట దానితోనే మొదలుపెట్టండి.

18 దాటినవాళ్లకు ప్రపంచ ఆరోగ్య సంస్థ తయారుచేసిన ఏస్–ఐక్యూ, అంటే బాల్యపు చేదు అనుభవాల అంతర్జాతీయ ప్రశ్నావళి ఉంది. తోటి పిల్లల వేధింపులు, ఊళ్లో హింస, గొడవలు, యుద్ధాల్లాంటి సామూహిక హింస కూడా అందులో చేరాయి. ఎన్నో ఏట పెళ్లయింది, వరుడిని తానే ఎంచుకుందా అన్నవీ అడుగుతారు. పదిహేనేళ్లకే పెళ్లయిన ఆడవాళ్లు ఇంకా కనిపించే ప్రాంతంలో ఆ ప్రశ్న ఎంత విలువైనదో మీకు చెప్పనక్కర్లేదు.

పిల్లవాడిలో కనిపించే లక్షణాన్ని వెంటనే మనసుకు అంటగట్టకండి. నీరసంగా ఉండి బడికి రానివాడికి మలేరియా ఉండొచ్చు, రక్తహీనత ఉండొచ్చు. ఈ కొండ జిల్లాల్లో సికిల్ సెల్ అనే వంశపారంపర్య రక్తజబ్బు ఉండొచ్చు. చదువు ఎక్కనివాడికి చూపో, వినికిడో తక్కువ కావచ్చు. ముందు అవి చూపించండి. ఏ జబ్బూ దొరకని కడుపునొప్పి సోమవారం పొద్దునే వస్తుంటే, మానేసిన పక్క తడపడం ఎనిమిదో ఏట మళ్లీ మొదలైతే, గాలి సోకిందని మంత్రగాడి దగ్గరికి తిప్పుతున్న పిల్లకు మూర్ఛరోగం వల్ల కాని మూర్ఛలు వస్తుంటే, అప్పుడు ఈ ప్రశ్నల వైపు రండి. మంత్రం వేయించినందుకు మాత్రం కోప్పడకండి. కోప్పడితే ఆ అమ్మమ్మ మళ్లీ మీ గడప తొక్కదు.

3. భాష తేల్చుకోండి

ఇంట్లో తెలుగు, బడిలో ఒడియా, కొండమీద గిరిజనుల సవర. ఫారం ఏమో ఇంగ్లిషులోనో ఒడియాలోనో వస్తుంది. వందేళ్ల కిందటే పర్లాకిమిడిలో గిడుగు రామమూర్తి సవర పిల్లలకు వాళ్ల మాటలోనే చదువు చెప్పాలని ఆ భాష నేర్చుకుని వాచకాలు రాశారు. ఆరోగ్య శాఖల ఫారాలకు ఆ బుద్ధి ఎప్పుడొస్తుందో చూడాలి.

ఒక్క నియమం గట్టిగా పాటించండి. పిల్లలతో తర్జుమా చేయించకూడదు. ‘మీ నాన్న మీ అమ్మను కొడతాడా అని అడుగు’ అని పదేళ్ల పిల్లకు చెప్పడమే ఒక దెబ్బ. అదే ఊరి వార్డు మెంబరుతోనో ఇంటి కోడలితోనో కూడా వద్దు. పక్క ఊరి ఆశా కార్యకర్త మేలు. ఫారాన్ని తెలుగులోకి మార్చుకున్నాక ఇద్దరు ముగ్గురు తల్లులకు చదివి వినిపించి, ‘మీకేమి అర్థమైందో చెప్పండి’ అని అడగండి. ‘భావోద్వేగపరమైన నిర్లక్ష్యం’ అన్న చోట వాళ్ల మొహాలు చూస్తే ఆ మాట కొట్టేయాలని మీకే తెలుస్తుంది.

4. కూర్చోవడం, మొదటి మాటలు

తలుపు మూసుకునే గది కావాలి. మందులిచ్చే కిటికీ దగ్గర, టీకాల వరసలో కుదరదు. గది లేకపోతే వెనక వరండా, చెట్టు కింద బల్ల, మనుషులు కనిపించినా మాటలు వినిపించని చోటు ఏదైనా సరే. అత్తగారు పక్కనుంటే కోడలు నోరు విప్పదు. బీపీ చూడాలని అత్తగారిని ఇంకో గదిలోకి పిలిచే తోటి నర్సు ఒకరుంటే సగం పని అయినట్టే. 12 దాటిన పిల్లలతో కొంతసేపైనా విడిగా మాట్లాడాలి. ఆ సంగతి పెద్దవాళ్లకు ముందే చెప్పి ఒప్పించండి.

మొదట చెప్పాల్సిన మాటలు ఇంచుమించు ఇలా ఉండాలి:

‘అమ్మా, ఇక్కడికి ఈ పూట వచ్చే పిల్లలందరి గురించీ ఇవే అడుగుతున్నాం. మీ ఇంటి మీద అనుమానంతో కాదు. చిన్నప్పుడు భయపడుతూ పెరిగితే తర్వాత ఒంట్లో జబ్బులు ఎక్కువ వస్తాయి. ముందే తెలిస్తే సాయం చేయగలం. ఇష్టం లేని ప్రశ్న వదిలేయండి. మందులకు గానీ, రేషనుకు గానీ, హాస్టల్ సీటుకు గానీ దీనితో సంబంధం లేదు. మీరు చెప్పింది ఊళ్లో ఎవరికీ చెప్పను. ఒక్కటి మాత్రం ముందే చెప్పాలి. పిల్లలకు ఎవరైనా లైంగికంగా హాని చేశారని తెలిస్తే దాన్ని నాలో దాచుకోవడానికి చట్టం ఒప్పుకోదు.’

ఆ చివరి వాక్యం చెబితే ఎవరూ ఏమీ చెప్పరని కొందరు దాన్ని మింగేస్తారు. చెప్పకుండా రాబట్టి తర్వాత పోలీసులకు కబురు చేస్తే ఆ కుటుంబమే కాదు, ఆ వీధి అంతా మీకు దూరమవుతుంది.

5. ప్రశ్నలు అడిగే తీరు

ఫారంలోని ప్రశ్నను ఉన్నదున్నట్టు చదవాలి, లేకపోతే లెక్కలు పోల్చడానికి పనికిరావు. కానీ దాని చుట్టూ మాట్లాడే మాటలు మీవి.

దెబ్బల సంగతి తీసుకోండి. ‘పిల్లల్ని కొడతారా?’ అంటే ‘కొట్టకపోతే మాట వింటారా అమ్మా?’ అన్న జవాబు నవ్వుతూ వస్తుంది. ఎందుకంటే మన దగ్గర నాలుగు తగిలించడం పెంపకంలో భాగమన్న నమ్మకం ఉంది. ‘అల్లరి చేసినప్పుడు ఇంట్లో ఏం చేస్తారు?’ అని మొదలుపెట్టండి. తర్వాత దేనితో, ఎక్కడ, ఎన్నాళ్లకోసారి. మచ్చ మిగిలిందా, వాతలు పెట్టారా, ఆ రోజు బడి మానిపించారా అన్నవి వస్తే మీకు తేడా తెలిసిపోతుంది. బడిలో దెబ్బల గురించీ అడగండి. 2009 నాటి విద్యాహక్కు చట్టం 17వ సెక్షన్ వాటిని నిషేధించింది. తల్లిదండ్రులు మాత్రం ‘కొట్టి చెప్పండి సార్’ అని అప్పగించి వస్తుంటారు.

తాగుడు దగ్గర ‘మీ ఆయన తాగుతారా?’ అన్నది పనికిరాని ప్రశ్న. ‘పండక్కీ పబ్బానికీ’ అంటారు. జీలుగు కల్లు, సారా ఇంటింటా ఉన్న చోట తాగడమన్నది ఒక విషయమే కాదు. నేను నమ్మే ప్రశ్న వేరు: ‘ఆయన తాగి వచ్చిన రాత్రి పిల్లలు ఎక్కడ పడుకుంటారు?’ దీనికి ‘ఎప్పటిలాగే, చాప మీద’ అని వస్తే ఒక రకం. కాస్త ఆగి, ‘పిన్ని వాళ్లింటికి పంపేస్తానమ్మా’ అని వస్తే మరో రకం. తల్లి దెబ్బలు తింటోందా అన్నది కూడా చాలాసార్లు ఆ జవాబులోనే తెలిసిపోతుంది, విడిగా అడగనక్కర్లేకుండానే. తెలిశాక 2005 నాటి గృహహింస చట్టం కింద రక్షణాధికారి ఉంటారని, సఖి కేంద్రం ఉందని చెప్పండి. వెళ్లి తీరాలని ఒత్తిడి చేయకండి. ఎప్పుడు బయటికి రావడం క్షేమమో ఆమెకే బాగా తెలుసు.

మాటలతో హింసను పెద్దవాళ్లు గుర్తించరు. ‘నువ్వు పుట్టకపోయినా బాగుండేది’, ‘శనిలా దాపురించావు’ అన్నవి వాళ్లకు నోటి ఊతపదాలు. అలా అంటారా అని వాళ్లనే అడిగితే లేదంటారు. పిల్లవాడిని విడిగా ‘ఇంట్లో నిన్ను ఏమని పిలుస్తారు?’ అని అడిగి చూడండి. కొందరు ముద్దుపేరు చెబుతారు. కొందరు నేల చూస్తారు.

ఆలనాపాలనా లేకపోవడానికీ పేదరికానికీ తేడా తెలియకుండా ఈ ఫారం ఎవరూ ముట్టుకోకూడదు. పస్తులున్న ఇల్లన్నది తల్లిదండ్రుల నేరం కాదు. ‘ఇంట్లో అన్నం ఉన్న రోజు అందరితో పాటు వీడికీ పెడతారా? జ్వరం వస్తే ఎవరు చూస్తారు?’ అని అడిగితే నిజం తెలుస్తుంది. పేదరికమే అయితే మీరు చేయాల్సింది రేషను, పింఛను, మిషన్ వాత్సల్య అనే బాలల సంరక్షణ పథకం కింద అర్హులైన పిల్లలకు నెలకు 4,000 రూపాయల సాయం కాగితాలు పట్టుకుని తిరగడం.

విడిపోవడం అన్న ప్రశ్న ఇక్కడ చాలదు. గంజాం నుంచి సూరత్ మగ్గాలకు, మిగతా జిల్లాల నుంచి కేరళకు, చెన్నైకి, హైదరాబాదుకు వలస వెళ్లిన తండ్రి విడాకులు తీసుకోలేదు. కానీ పిల్లవాడు ఆయన్ను ఏడాదికి ఒకసారి చూస్తాడు. ఆరేళ్లకే హాస్టల్లో చేరిన పిల్లలూ అంతే. వాళ్లను ‘రాత్రి జ్వరం వస్తే ఎవరిని లేపుతావు?’ అని అడగండి. ఒక పేరు చెబితే మంచిదే. ‘ఎవరినీ లేపను’ అంటే వార్డెన్‌తో మాట్లాడాల్సిన పని ఉందన్నమాట. జైలు ప్రశ్నను కూడా తేలిగ్గా తీసుకోకండి; గంజాయి మూటలు మోసి దొరికిపోయిన కూలీల ఇళ్లు ఈ కొండల్లో ఉన్నాయి, ఆ పిల్లలకు ‘నాన్న పనికెళ్లాడు’ అని చెప్పి ఉంటారు. వాళ్ల ముందు ఆ ప్రశ్న వద్దు. 2018 అక్టోబరు తిత్లీ తుఫానులో గజపతి జిల్లాలో కొండచరియలు పడి మనుషులు పోయిన ఊళ్లకు వెళితే, ఫారంలో లేకపోయినా ఆ రాత్రి గురించి అడగండి.

లైంగిక హింస ప్రశ్న చివర్లో ఉంచండి, అదే స్వరంలో అడగండి. చిన్నపిల్లలను సూటిగా అడగకండి. 12 దాటిన పిల్లలను విడిగా: ‘నీకు ఇష్టం లేకుండా ఎవరైనా నీ ఒంటిని తాకడం, నిన్ను వాళ్ల ఒంటిని తాకమనడం, ఫోనులో చూడకూడనివి చూపించడం జరిగిందా?’ మగపిల్లలనూ అడగాలి. 2007 అధ్యయనంలో మగపిల్లల సంఖ్య ఆడపిల్లల కంటే తక్కువేమీ కాదు.

6. బయటపడితే

పిల్లలు చెప్పడం మొదలుపెట్టగానే కలం కింద పెట్టండి. ‘నువ్వు చెప్పడం మంచిదైంది. తప్పు నీది కాదు’ అనండి. ‘ఎందుకు ఇన్నాళ్లూ చెప్పలేదు?’, ‘నిజమేనా?’ అన్నవి నోట రాకూడదు. వివరాలు తవ్వడం పోలీసుల పని, అదీ ఒక్కసారే జరగాలి. పిల్లలు వెళ్లాక వాళ్లు అన్న మాటలను వాళ్లు అన్నట్టుగానే, తెలుగులోనే రాసి తేదీ, సమయం వేయండి. ‘బాబాయి పాడు పని చేశాడు’ అంటే అలాగే రాయాలి. దాన్ని నాజూకు మాటల్లోకి మార్చకూడదు.

పిల్లలను లైంగిక నేరాల నుంచి కాపాడే 2012 నాటి పోక్సో చట్టం 19వ సెక్షన్ ప్రకారం తెలిసినవాళ్లెవరైనా ప్రత్యేక బాలల పోలీసు విభాగానికో స్థానిక పోలీసులకో చెప్పాలి. చెప్పకపోతే 21వ సెక్షన్ కింద ఆరు నెలల దాకా జైలు, సంస్థ అధిపతి తన కింది ఉద్యోగి నేరాన్ని దాస్తే ఏడాది దాకా. మన ప్రాంతంలో అందరూ కంఠతా పట్టాల్సిన వాక్యం ఆ 19వ సెక్షన్‌లోనే ఇంకొకటి ఉంది. రాసుకుంటున్న భాష బిడ్డకు అర్థం కాకపోతే దుబాసీని ఏర్పాటు చేయాలి. ఒడియా స్టేషన్‌లో తెలుగు పిల్ల, తెలుగు స్టేషన్‌లో సవర పిల్ల తలూపి సంతకం పెట్టే పరిస్థితి రానివ్వకండి. వాంగ్మూలం ఇంటి దగ్గరో, బిడ్డ కోరిన చోటో తీసుకోవాలి. అధికారి యూనిఫాంలో ఉండకూడదు. అత్యవసర చికిత్సకు కేసు నమోదయ్యేదాకా ఆగమనే హక్కు ఏ ఆసుపత్రికీ లేదు.

ఇల్లే ప్రమాదమైతే 1098. రక్షణ అవసరమైన బిడ్డను ప్రయాణ సమయం పోను 24 గంటల్లో సంక్షేమ సమితి ముందుంచాలి. పదహారేళ్ల అమ్మాయి తన ఇష్టంతోనే ప్రేమించానని చెప్పినా పోక్సో 18 ఏళ్ల లోపు అందరికీ వర్తిస్తుంది. అందుకే ఆ హెచ్చరిక ముందుగానే చెప్పమన్నాను.

చనిపోవాలనిపిస్తోందా అన్నది సూటిగా అడగండి. అడిగినంత మాత్రాన లేని ఆలోచన పుట్టదు. అవునంటే ఆ పూటే వైద్యుడి దగ్గరికి పంపాలి, ఒంటరిగా వదలకూడదు. ఇంట్లో పురుగుమందు డబ్బా ఎక్కడుందో అడిగి, తాళం వేయించాలి.

7. మొత్తం ఎంత వచ్చిందన్నది

కాలిఫోర్నియా పద్ధతిలో సున్నా వస్తే ముప్పు తక్కువ. 1 నుంచి 3 వచ్చి జబ్బు లక్షణాలు లేకపోతే మధ్యస్థం, లక్షణాలుంటే ఎక్కువ. 4 గానీ అంతకు మించి గానీ వస్తే లక్షణాలు లేకపోయినా ఎక్కువ. దీన్ని దారి చూపే గుర్తుగా వాడుకోవచ్చు. కానీ ఈ లెక్క కనిపెట్టిన రాబర్ట్ అండాయే 2020లో, ఇది జనసమూహాల గురించి చెప్పే అంకె, ఒక్కో మనిషి భవిష్యత్తు చెప్పడానికి తయారైనది కాదని రాశారు. ఎన్నేళ్లు, ఎంత తీవ్రంగా, ఏ వయసులో అన్నవి అందులో లేవు. తాత ఇంట్లో వారం వారం హింసకు గురవుతున్న పిల్లకు మొత్తం 1 రావచ్చు. తండ్రి పోయి, అన్న జైలుకెళ్లినా అమ్మమ్మ గుండెల మీద పెరిగిన పిల్లకు 5 రావచ్చు. ముందు ఎవరి దగ్గరికి పరిగెత్తాలో మీకు తెలుసు.

8. ఉన్న బలం కూడా అడగండి

ఈ భాగం ఫారాల్లో ఉండదు, నాకు మాత్రం ఇది లేకుండా అడగడం నచ్చదు. హవాయిలోని కవాయి దీవిలో 1955లో పుట్టిన పిల్లలను ఎమీ వెర్నర్ బృందం దశాబ్దాల పాటు గమనించింది. ఎన్నో కష్టాల మధ్య పెరిగినవాళ్లలో మూడో వంతు మంది చక్కగా స్థిరపడ్డారు. వాళ్లలో చాలామందికి చిన్నప్పుడు నిలకడగా ఆదరించిన పెద్దవాళ్లు కనీసం ఒక్కరున్నారు. అమెరికాలోని విస్కాన్సిన్‌లో పెద్దవాళ్లను అడిగి 2019లో అచ్చయిన అధ్యయనంలో ఏడు మంచి అనుభవాల గురించి ఉంది. మనసులో మాట ఇంట్లో చెప్పుకోగలగడం, కష్టంలో ఇంటివాళ్లు వెన్నంటి ఉండటం, ఊరి పండగల్లో ఆనందంగా పాల్గొనడం, బడి తనదనిపించడం, స్నేహితులు, తల్లిదండ్రులు కాకుండా పట్టించుకునే పెద్దవాళ్లు ఇద్దరు, ఇంట్లో భద్రంగా ఉన్నామనిపించడం. ఇవి ఎక్కువగా ఉన్నవాళ్లలో, చేదు అనుభవాలున్నా, కుంగుబాటు తక్కువ.

కాబట్టి అడగండి: ‘రథయాత్రకు ఎవరితో వెళ్లావు? మార్కులు వస్తే మొదట ఎవరికి చూపిస్తావు?’ తాతయ్య, పిన్ని, ట్యూషన్ అన్నయ్య, ఎవరో ఒకరు తేలతారు. ఆ పేరును ఎర్ర సిరాతో రాసుకోండి. మీ తర్వాతి పని ఆ మనిషితోనే.

9. ఇక చేయాల్సింది

మొదట హాని ఆగాలి. తర్వాత నిద్ర, తిండి, బడి ఒక క్రమంలో పడాలి. అదే వేళకు పడుకోవడం, పడుకునే ముందు ఎవరో ఒకరు పదినిమిషాలు పక్కన కూర్చోవడం, రోజూ ఆటకు వదలడం చిన్న విషయాలుగా కనిపిస్తాయి గానీ గాభరాపడ్డ ఒంటిని నెమ్మదింపజేసేవి అవే. మూడోది పెంచేవాళ్లు. తల్లికే కుంగుబాటు ఉంటే పిల్లకు ఎన్ని సలహాలిచ్చినా లాభం లేదు. తల్లికి చికిత్స మొదలుపెట్టించాలి. తానూ దెబ్బలు తిని పెరిగిన తండ్రి ‘నన్నూ కొట్టారు, నేను బాగుపడలేదా?’ అంటాడు. వాదించకండి. ‘అప్పుడు మీకెలా ఉండేది?’ అని అడిగి మౌనంగా ఉండండి.

పీడకలలు, ఉలికిపాటు, జరిగింది కళ్లముందు మళ్లీ మళ్లీ కదలడం నెల దాటినా తగ్గకపోతే మానసిక వైద్యుడికి చూపించాలి. ఇంత జరిగాక ఇక బాగుపడరన్న నిరాశ వద్దు. రొమేనియా అనాథాశ్రమాల్లో పలకరింపు లేకుండా పెరిగిన పసివాళ్లను 2000 తర్వాత బుకారెస్ట్‌లో కుటుంబాలకు అప్పగించి చూశారు. ఆశ్రమంలోనే మిగిలిపోయినవాళ్ల కంటే వాళ్లు బాగా కోలుకున్నారు. రెండేళ్ల లోపే ఇల్లు దొరికినవాళ్లు ఇంకా బాగా.

పెద్దవాళ్ల విషయంలో దారి కొంచెం వేరు. ముప్ఫై దాటినవాళ్లకు ఆశా కార్యకర్తలు నింపే ఆరోగ్య పరీక్ష ఫారంలోనే దిగులు గురించి రెండు ప్రశ్నలున్నాయి. వాటికి అవునన్నవాళ్లు, మందులు మధ్యలో మానేసే షుగరు, బీపీ రోగులు, తాగుడు మానలేనివాళ్లు, పరీక్షకు ఒళ్లు ముట్టుకోగానే బిగుసుకుపోయే స్త్రీలు, వీళ్లతో నెమ్మదిగా బాల్యం సంగతి ఎత్తండి. ‘మీ షుగరుకు కారణం అదే’ అని తేల్చి చెప్పకండి, అలా చెప్పే ఆధారం మన దగ్గర లేదు. ‘చిన్నప్పుడు అంత పడ్డవాళ్లకు ఒంటిమీద శ్రద్ధ పెట్టడం కష్టమే, అందులో మీ తప్పేమీ లేదు’ అనొచ్చు. పరీక్ష చేసే ముందు ప్రతి అడుగూ చెప్పి చేయండి, ఆపమంటే ఆపండి. చిన్నప్పుడు తనకు హాని చేసిన మనిషి గురించి ఎవరైనా చెబితే, ఆ మనిషి ఇప్పుడు పిల్లలున్న ఇంట్లో ఉన్నాడా అని తప్పక అడగాలి.

10. రిజిస్టరు

మొత్తం అంకె బడి రికార్డులోకి, ఆరోగ్య కార్డు మీదికి, వాట్సాప్ గ్రూపులోకి రాకూడదు. పేరున్న కాగితం ఒకటి, జవాబులున్నది ఒకటి, రెంటినీ కలిపే సంఖ్య మీ బీరువాలో. పోక్సో 23వ సెక్షన్ బిడ్డ గుర్తింపును ఏ మీడియాలోనైనా బయటపెట్టడాన్ని, 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం రోగి సంగతులు బయటపెట్టడాన్ని అడ్డుకుంటాయి. నెలవారీ నివేదికకు ఎంతమందిని అడిగారు, ఎంతమందిని పంపారు, పంపినవాళ్లలో ఎంతమంది నిజంగా చేరారు అన్న మూడు అంకెలు చాలు. మూడోదాన్ని అడిగే అధికారి దొరికితే అదృష్టం.

రెండు మూడు వారాల్లో మళ్లీ కలవండి. అప్పటికి కుటుంబం కూలికి వెళ్లిపోయే వీలుంటే మొదటి రోజే ఊళ్లో ఉండిపోయేవాళ్ల ఫోను నంబరు ఒకటి తీసుకోండి, ఏ విషయమో వాళ్లకు చెప్పకుండా. మళ్లీ వచ్చినప్పుడు పాత ఫారం తీసి మొదటి నుంచి అడగకండి. ‘రాత్రి నిద్ర పడుతోందా? పిన్ని దగ్గరికి వెళ్లాల్సి వచ్చిందా?’ అని అడిగి, ఆసుపత్రి చీటీ చూసి, తర్వాతి తేదీ వెనక రాసి ఇవ్వండి.